మూలలో మూడో వంతు

"రాజనర్సూ, గా బట్ట మూలను సగం ఎట్ల చేస్తవ్?" అని ఫక్రుద్దీన్ మాస్టర్ సాబ్ అడగకపోయి ఉంటే ఆ ఎండాకాలం నాకు మామూలుగానే గడిచిపోయేది.

ఆయన అడిగారు. ఉగాది పోయి పది రోజులై ఉంటుంది. యుద్ధం నడుస్తోంది. బేగంపేట వైపు నుంచి విమానాల మోత పొద్దస్తమానం వినిపించేది. బట్ట కూపన్ల మీద తప్ప దొరికేది కాదు. అమీర్‌పేటలో రోడ్డు పక్కన మా దర్జీ దుకాణం, దాని వెనకే మా ఇల్లు. మాస్టర్ సాబ్ పంజాగుట్టలో ఉంటారు, బడిలో లెక్కలు చెబుతారు, పాతికేళ్లుగా ఆయన కుర్తాలు కుట్టేది నేనే. ఆ రోజు కొలతలిచ్చి కూడా వెళ్లకుండా, గడప మీద కూర్చుని నా పని చూస్తున్నారు.

మూలను సగం చేయడంలో ఏముంది. అంచు మీద అంచు పెట్టి మడిచాను.

"గిట్ల," అన్నాను.

"మరి మూడు భాగాలు చెయ్యి. మూడూ ఒక్క తీరుగ ఉండాలె."

"రోజూ చేస్తనే ఉంట గద సాబ్. కుర్తా పక్కలకు పట్టీలు ఎట్ల కోస్తననుకున్నరు?"

"కంటి అందాజతోని గాదు, పక్కాగ. స్కేలు, పర్కార్, గీ రెండే వాడాలె. రెండువేల ఏండ్ల సంది చూస్తుండ్రు, ఎవ్వరికీ చాతకాలే." ఆయన లేచి చెప్పులేసుకున్నారు. "నీతోని సుత గాదు తియ్."

పర్కార్ అంటే గుండ్రం గీసే రెండు కాళ్ల పనిముట్టు. టోపీల పైబిళ్ల గీయడానికి మా దుకాణంలో కూడా ఒకటి ఉండేది.

ఆయన తమాషాకే అన్నారు. తమాషా అని నాకూ తెలుసు. కానీ నాకప్పటికి యాభై రెండేళ్లు. సిద్దిపేటలో మూడో తరగతిలో బడి మాన్పించి మగ్గం మీద కూర్చోబెట్టినప్పటి నుంచి "నీతోని గాదు తియ్" అన్న మాట చాలామంది నోట విన్నాను. అన్నిసార్లూ ఊరుకున్నాను. ఈసారి మాత్రం, మూలలు కోయడం నా పని కదా, ఇది కూడా నాతో కాకపోతే ఇంకెవరితో అవుతుంది అనిపించింది.

ఆ తర్వాత నెల రోజులు ఎలా పోయాయో వివరంగా చెప్పను, చెబితే మీరూ నాలాగే అవుతారు. కోయగా మిగిలిన ముక్కల మీద, పాత పత్రికల మీద, చివరికి వాకిట్లో పుల్లతో గీశాను. అన్నానికి కూర్చుంటే కంచం గుండ్రంగా కనిపించేది. అంతే, ముద్ద చేతిలోనే ఉండిపోయేది. మా ఆవిడ కాంతవ్వ మొదట్లో నవ్వింది. తర్వాత నవ్వడం మానేసింది.

వైశాఖంలో ఒక మధ్యాహ్నం దొరికింది. ఎలా దొరికిందో చెబుతాను, అర్థం కాకపోయినా పర్వాలేదు, కథ ఆగదు. మూల గీసి, దాని కొన దగ్గర పర్కార్ ముల్లు పెట్టి గుండ్రం గీశాను. మూల అడుగుగీతను గుండ్రం దాటేదాకా వెనక్కి పొడిగించాను. పర్కార్ ఎంత తెరిచానో అంత దూరంలో నా కొలకట్టె మీద రెండు సుద్ద గుర్తులు పెట్టాను. ఆ కట్టెను కాగితం మీద జరుపుతూ పోయాను. మూల పైగీత గుండ్రాన్ని తాకే చోటు మీదుగా కట్టె పోవాలి, అదే సమయంలో ఒక గుర్తు గుండ్రం మీద, రెండో గుర్తు పొడిగించిన గీత మీద పడాలి. పడ్డాయి. అక్కడ కట్టెకూ అడుగుగీతకూ మధ్య ఒక సన్నటి మూల ఏర్పడింది. దాన్ని కోసి పెద్ద మూల మీద పెట్టి చూశాను. ఒకసారి, రెండుసార్లు, మూడోసారికి అంచుకు అంచు సరిగ్గా వచ్చింది. ఇంకో మూలకు చేశాను. వచ్చింది. అలా పన్నెండు మూలలకు చేసి, ఆ కాగితపు ముక్కలన్నీ చొక్కా జేబులో పోసుకుని, నడినెత్తిన ఎండలో పంజాగుట్టకు నడిచాను.

మాస్టర్ సాబ్ ముక్కలన్నీ బల్ల మీద పరిచి చూశారు.

"పన్నెండు మూలలు చూసినవ్. మరి పదమూడోది?"

"అది సుత వస్తది."

"నీకెట్ల తెలుసు?"

"చెయ్యి చెప్తది సాబ్."

"చెయ్యి చెప్పుడు లెక్కలల్ల నడవది. సబూత్ కావాలె. ఎందుకు వస్తదో చెప్పాలె. దునియాల ఎన్ని మూలలున్నయో అన్నిటికి ఒక్కసారే చెప్పాలె."

అన్నిటికీ ఒక్కసారే చెప్పడం ఏమిటో నాకు ఆ రోజు అర్థం కాలేదు. ఆయనే నేర్పుతానన్నారు. రోజూ సాయంత్రం బడి నుంచి వచ్చాక అరగంట. ఆయన పద్ధతి ఒకటే. ఒక మాట రాస్తే దాని కింద 'ఎందుకంటే' అని రాయాలి. ఎందుకంటే తర్వాత ఏమీ దొరక్కపోతే ఆ మాట కొట్టేయాలి. మొదటి వారం నేను రాసిందంతా కొట్టేశాం. కుట్టు విప్పి మళ్లీ కుట్టడం నాకు అలవాటే కాబట్టి బాధపడలేదు.

అక్కడ నేర్చుకున్న మాటలు ఇంట్లో పరీక్షించేవాణ్ణి. ఒకనాడు పొద్దున్నే కాంతవ్వను పిలిచాను.

"కాంతా, వాన పడితే వాకిలి తడుస్తది. ఔనా?"

"ఔ."

"ఇగ చూడు, వాకిలి తడిసున్నది. అంటే?"

"అంటే నేను సాన్పి నీళ్లు చల్లిన. నీ కండ్లు ఎక్కడ వెట్టుకున్నవ్?"

మాట నిజమైనంత మాత్రాన తిరగేస్తే కూడా నిజమైపోదని మాస్టర్ సాబ్ నాకు నాలుగు రోజులు చెప్పారు. ఆమె ఒక్క ముక్కలో చెప్పేసింది. ఆయనకు ఈ సంగతి చెబితే చాలాసేపు నవ్వి, "రేపటి సంది ఆమెను పంపు, నువ్వింట్ల ఉండు" అన్నారు.

ఇంతవరకూ బాగానే ఉంది. బాగాలేనిది షేర్వానీతో మొదలైంది.

బోరబండ నుంచి సారయ్య అని ఒకాయన కొడుకు పెళ్లి షేర్వానీకి బట్ట తెచ్చిచ్చాడు. నల్లటి బట్ట, ఒక పక్క మాత్రమే మెరుపు. కూపన్లకు చుట్టాలందరినీ అడిగి, ఎన్నో రోజులు తిరిగి సంపాదించిన బట్ట. నేనే కొలతలు తీశాను, నేనే కోశాను, కోస్తున్నంతసేపూ నా తలలో ఆ రెండు సుద్ద గుర్తులు తప్ప ఇంకేం లేదు. కోసి మా దగ్గర కుట్టే ఐలయ్యకు ఇచ్చాను. ఐలయ్య మిషన్ మీద కూర్చోకుండా నిలబడి ఆ రెండు ముక్కలూ అటూ ఇటూ తిప్పాడు.

"అన్నా, గివి రెండూ ఎడమ పక్కవే."

"తిప్పి చూడు."

"తిప్పితే మెరుపు లోపలికి పోతది గద అన్నా."

దర్జీ పని తెలియనివాళ్లకు చెబుతాను. షేర్వానీకి ముందు భాగాలు రెండు, అద్దంలో చూసినట్టు ఒకదానికొకటి ఎదురుబొదురుగా ఉండాలి. నేను ఒక ఛాతీకి రెండు ఎడమ పక్కలు కోశాను. ముప్పై ఏళ్లలో అలా ఎన్నడూ కోయలేదు. కొత్తగా పని నేర్చుకునేవాళ్లు చేసే తప్పు అది.

కాంతవ్వ లోపలి నుంచి వచ్చింది. ముక్కలు చూసింది. నా మోకాలి పక్కనున్న కత్తెర తీసి ఐలయ్య చేతిలో పెట్టింది.

"ఇగ నుంచి నువ్వు కొయ్యి."

ఐలయ్య నా ముఖం చూశాడు. ఆమె నా వైపు తిరిగింది. "గా లెక్క నీ తలకాయలకెల్లి పోయినంక అడుగు. ఇస్త."

దర్జీ దుకాణంలో కోసేవాడే ఉస్తాద్. మిగతావాళ్లంతా అతను కోసింది కుట్టేవాళ్లు. ఆ రోజు నుంచి నా దుకాణంలోనే నేను మిషన్ మీద కూర్చుని, ఐలయ్య కోసింది కుట్టాను. ఆమె మీద కోపం రాలేదు, ఎందుకంటే ఆమె చేసింది సరైనదే. సారయ్య బట్ట కోసం ఆమె మూడు రోజులు కూపన్ల మీద బట్ట ఇచ్చే కంట్రోల్ దుకాణం ముందు లైన్లో నిలబడి అలాంటిదే ముక్క సంపాదించింది. ఐలయ్య జాగ్రత్తగా కోశాడు. పెళ్లి జరిగింది. కానీ గిరాకీలు వచ్చి "ఉస్తాద్ కోస్తలేడేంది?" అని అడిగినప్పుడల్లా ఐలయ్య "అన్న చెయ్యి బెణికింది" అని చెప్పేవాడు. పక్కింటి సీతాబాయి నిజమనుకుని నూనె కాచి తెచ్చింది. బెణకని చేతికి రాయించుకున్నాను.

నాకు భయమేసింది అప్పుడే. లెక్క దొరకదేమోనని కాదు. ఈ చెయ్యి మళ్లీ బట్ట కోస్తుందా లేదా అని.

సబూత్ దొరికితే తల తేలికవుతుంది, తల తేలికైతే చెయ్యి వస్తుంది, అదీ నా లెక్క. కాబట్టి ఇంకా గట్టిగా పట్టుకున్నాను. జ్యేష్ఠం మొదట్లో సబూత్ కూడా దొరికింది. రెండు త్రిభుజాలు, ఒక్కోదానికి రెండేసి సమానమైన భుజాలు, ఎందుకంటే అన్నీ పర్కార్ తెరిచినంత పొడుగే. భుజాలు సమానమైతే వాటి కింది మూలలు సమానం. ఆ దారిలో నాలుగు మెట్లు ఎక్కితే సన్న మూల మూడుసార్లు కలిపితే పెద్ద మూల అవుతుంది. పదమూడో మూలకూ అంతే, వెయ్యో మూలకూ అంతే. అన్నిటికీ ఒక్కసారే.

మాస్టర్ సాబ్ ఆ కాగితం మూడుసార్లు చదివారు. ఎందుకంటే దగ్గర ఆగుతూ, వేలు పెట్టి చదివారు. తర్వాత కళ్లద్దాలు తీశారు.

"గలత్ ఎక్కడ లేదు," అన్నారు నెమ్మదిగా. "రాజనర్సూ, నువ్వేం చేసినవో నీకు తెలుస్తుందా?"

తెలియడం లేదు అన్నాను. ఆయన ఆ సాయంత్రమే కమాల్ సాబ్ దగ్గరకు పోయి వచ్చారు. కమాల్ సాబ్ పంజాగుట్టలో పెద్ద బంగ్లాలో ఉండే ముసలి వకీలు. నెలకొకసారి శుక్రవారం ఆయన వరండాలో చదువుకున్నవాళ్లంతా కలిసి మాట్లాడుకుంటారు. వచ్చే శుక్రవారం అమీర్‌పేట దర్జీ రాజనర్సు తన సబూత్ చెబుతాడని కబురు వెళ్లిపోయింది.

ఇంటికొచ్చి చెప్పాను. కాంతవ్వ వెంటనే ఐలయ్య దగ్గర నుంచి కత్తెర తెచ్చింది.

"దొరికిందంటివి గద. ఇగ పట్టు."

పట్టాను. ముందు ఒక పైజామా బట్ట పరిచి ఉంది. పైజామా అంటే కళ్లు మూసుకుని కోస్తాను. గీత కూడా గీశాను. కత్తెర నోరు తెరిచి బట్ట అంచున పెట్టాను. పెట్టి అలాగే ఉండిపోయాను. రెండువేల ఏళ్లుగా చదువుకున్నవాళ్లకు దొరకనిది మూడో తరగతి దర్జీకి ఎలా దొరికింది? ఎక్కడో ఏదో ఉంది. నాకు కనిపించనిది, మాస్టర్ సాబ్‌కు కనిపించనిది. శుక్రవారం అందరి ముందూ కనిపిస్తుంది. లేదా ఇంకా ఘోరం, ఎన్నడూ కనిపించదు, నేను జీవితమంతా వెతుక్కుంటూ ఉంటాను. చెయ్యి కదల్లేదు, అంతే.

కాంతవ్వ నా వేళ్ల నుంచి కత్తెర విడిపించి తీసుకుంది. "ఉండనీ," అంది. ఆ మాట ఆమె మెల్లగా అనడం నాకు ఇంకా కష్టంగా తోచింది. ఆ మధ్యాహ్నం ఆమె బల్కంపేట ఎల్లమ్మకు మొక్కుకుందని సీతాబాయి చెబితే తెలిసింది.

ఆ మంగళవారం మాస్టర్ సాబ్ కూతురు జహీరా లక్నో నుంచి సెలవులకు వచ్చింది. అక్కడ మేనత్త ఇంట్లో ఉండి ఎమ్మే చదువుతోంది. ఏం చదువుతోందని నేను ఒకసారి అడిగితే మాస్టర్ సాబ్ "సబూత్ అంటే ఏంది, అది ఎప్పుడు నిలవడ్తది, ఎప్పుడు నిలవడది, గదే చదువు" అన్నారు. అలాంటి చదువు కూడా ఉంటుందా అనుకున్నాను. జహీరా పుట్టింది పంజాగుట్టలోనే, ఆమె పసిపిల్లగా వేసుకున్న గౌన్లు నేనే కుట్టాను.

బుధవారం సాయంత్రం నేను వెళ్లేసరికి ఆమె నా కాగితం చదవడం అయిపోయింది.

"సలాం చిచ్చా. సబూత్ సహీ ఉన్నది," అంది.

మాస్టర్ సాబ్ నా భుజం తట్టారు. కానీ ఆమె కాగితం కింద పెట్టలేదు.

"గిది చదివిన గానీ చూడలే. మీరు ఎట్ల గీస్తరో జర చేసి చూపిస్తరా?"

కొలకట్టె నాతోనే ఉంది. బల్ల మీద కాగితం పరిచి మూల గీశాను, గుండ్రం గీశాను, అడుగుగీత పొడిగించాను. పర్కార్ తెరిచిన దూరం కట్టెకు ఆనించి రెండు సుద్ద గుర్తులు పెట్టాను. కట్టెను జరిపాను, గుర్తులు రెండూ వాటి వాటి చోట్లలో కూర్చున్నాయి. ఆమె అడ్డు పడకుండా చివరిదాకా చూసింది.

"చిచ్చా, కట్టె మీద గా గుర్తులు ఎందుకు పెట్టిండ్రు?"

"గుర్తు పెట్టకుంటె ఎట్లమ్మా? గుర్తుల్లేని కట్టె పొయ్యిల పెట్టనీకె పనికొస్తది."

ఎవరూ నవ్వలేదు. మాస్టర్ సాబ్ అప్పటిదాకా నిలబడి ఉన్నారు, మెల్లగా కుర్చీలో కూర్చున్నారు. నాకంటే ముందే ఆయనకు తెలిసిపోయింది.

"షరతులున్నయి చిచ్చా. స్కేలు మీద గుర్తులు ఉండొద్దు. ఉత్త గీత గీసుకోనీకె, అంతే. పర్కార్ గుండ్రం గీసుకోనీకె. గంతకన్న ఎక్కువ పని వాటితోని చేపియ్యొద్దు."

"ఎవరు పెట్టిండ్రు గా షరతు?"

"మొదలు పెట్టినోళ్లు. సబూత్ అన్నప్పుడు ముందుగాల కొన్ని ఒప్పుకుంటం. ఏది ఒప్పుకున్నమో దాంట్లకెల్లే మిగిలినవన్ని రావాలె. బయటికెల్లి తేవొద్దు."

నాకు అర్థమైంది. ఆ ఎండాకాలం బట్ట కరువులో రోజూ చూస్తున్నదే కదా. గిరాకీ ఇచ్చిన బట్టలో చొక్కా వెళ్లదీయాలి. బట్ట చాలక వెళ్లకపోతే వెళ్లలేదనాలి. పక్కనున్నవాడి బట్ట నుంచి జానెడు ముక్క తెచ్చి చంకలో అతికి "నీ బట్టల ఎల్లింది" అంటే అది అబద్ధం. నేను అదే చేశాను. దర్జీవాడికి గుర్తుల్లేని కట్టె అనేది తలపుకే రాదు కాబట్టి చేశాను. మాస్టర్ సాబ్ కాగితం మీది మాటలు చదివారు, వాటిల్లో సుద్ద గుర్తుల ఊసు లేదు, నా చేతిని చూడలేదు కాబట్టి పట్టుకోలేకపోయారు.

"అయితే గుర్తుల్లేకుండ చేస్త," అన్నాను. "ఇంక రెండు నెలలు వట్టని."

ఆ మాట నా నోట్లోంచి వచ్చాకే నాకు వినిపించింది. రెండు నెలలు. తర్వాత ఇంకో రెండు.

"వద్దు చిచ్చా. గాదు."

"నాతోని గాదా?"

"ఎవ్వరితోని గాదు."

"గాలే అని మీ అబ్బా ఎప్పుడో చెప్పిండు, రెండువేల ఏండ్ల సంది..."

"గాలే అనుడు వేరే, గాదు అనుడు వేరే. అబ్బాకు మొదటిదే తెలుసు. నూరేండ్ల కింద ఫ్రాన్సుల ఒకాయన రెండోది సాబీత్ చేసిండు. కొన్ని మూలలకు అయితది, కాగితం మూల తీరు చౌకం మూలకు అయితది. కానీ అన్నిటికి నడిచే ఉపాయం లేదు. ఇయ్యాల లేదు, ఎప్పటికి ఉండది."

"ఇంక పుట్టనోళ్లకు సుత గాదని ఎట్ల చెప్తరమ్మా? రేపు ఎవడన్న నాకంటె హుషారోడు పుట్టొచ్చు గద."

ఆమె నా భుజం మీది తువ్వాలు తీసుకుంది. సగానికి మడిచింది.

"ఎన్ని పొరలు?"

"రెండు."

మళ్లీ సగానికి మడిచింది. "ఇప్పుడు?"

"నాలుగు."

"మల్ల మడిస్తే?"

"ఎనిమిది."

"గిట్లనే సగానికి సగం మడుచుకుంట పోతే ఎప్పుడన్న పన్నెండు పొరలు వస్తయా?"

"రావు."

"మస్తు పొడుగు తువ్వాలైతే?"

"ఎంత పొడుగైనా రావు."

"ఎన్నిసార్లు మడిచి చూసిండ్రు?"

"చూసుడెందుకమ్మా. ప్రతిసారి రెట్టింపే అయితుంటే మూడున్న లెక్క ఎక్కడికెల్లి..."

అక్కడ ఆగిపోయాను. ఆమె తువ్వాలు నా చేతికిచ్చింది. దాన్ని పట్టుకుని చాలాసేపు చూశాను. నేను అన్ని తువ్వాళ్లూ మడవలేదు. ఇంకా నేయని తువ్వాళ్లు కూడా ఉన్నాయి. అయినా నాకు తెలుసు. అనుమానం లేకుండా తెలుసు.

"గా ఫ్రాన్సాయన చేసింది గిదేనా?"

"ఆయనది మస్తు కష్టమున్నది, నాకు సుత నెల పట్టింది. కానీ లోపలి సంగతి గిదే. గుర్తుల్లేని స్కేలును, పర్కార్‌ను ఎన్నిసార్లన్న వాడుండ్రి, లెక్క రెట్టింపుల మీదనే నడుస్తది. మనకేమో మూడు కావాలె." తర్వాత ఆమె నా కట్టెను చేతిలోకి తీసుకుంది. "మీ ఉపాయం తప్పు గాదు చిచ్చా. గుర్తులు ఒప్పుకుంటే సోలా ఆణా సహీ. పాత జమానాల యునాన్ దేశం, గదే గ్రీకు దేశం, పండితుడు ఒకాయన అచ్చం గిట్లనే చేసిండు."

"ఆయన సుత దర్జీయా?"

మాస్టర్ సాబ్ ముందు నవ్వారు. తర్వాత జహీరా నవ్వింది. నాకు మాత్రం నవ్వు రాలేదు, ఇంకేదో వచ్చింది. నడుముకు కట్టిన బరువు ముడిని ఎవరో వెనక నుంచి విప్పినట్టు. నేను ఓడిపోయానని అక్కడ ఎవరూ అనలేదు. ఓడిపోవాలంటే గెలిచేవాడు ఒకడు ఉండాలి కదా.

ఇల్లు చేరేసరికి కాంతవ్వ బియ్యంలో రాళ్లు ఏరుతోంది.

"ఏమన్నరు?"

"నేను చేసింది చెల్లది."

ఆమె చాట కింద పెట్టింది.

"ఇగ ఎవ్వరితోని గాదంట. చదువుకున్నోళ్లతోని గాదు, ఇంక పుట్టనోళ్లతోని సుత గాదు. సాబీత్ అయిందంట."

"మరి గంత సంబురంగ చెప్తున్నవేంది?"

"ఆకలైతుంది."

ఆమె నన్ను అలాగే చూసింది. లేచి కంచం పెట్టింది. కంచం గుండ్రంగా ఉంది. పప్పు కలుపుకున్నాను. రెండోసారి పెట్టించుకున్నాను, మామిడికాయ తొక్కు అడిగి వేయించుకున్నాను. ఆమె ఎదురుగా కూర్చుని, "గిది ముందుగాల్నే ఆ పిల్లను అడిగితే ఎండాకాలమంత బచాయించేది" అంది. నిజమే. కానీ ఉగాదినాడు ఎవరైనా నాతో "గాదు" అని ఉంటే నేను నమ్మేవాణ్ణి కాదు. గాదు అనేది అర్థం కావడానికి కూడా నాకు ఆ రెండు నెలల ఎందుకంటేలు కావలసి వచ్చాయి.

మర్నాడు పొద్దున కత్తెర అడిగాను. ఐలయ్య పిడి నా వైపు తిప్పి ఇచ్చాడు. కాంతవ్వ లోపలికి పోయి ఒక రవికె ముక్క తెచ్చి నా ముందు పరిచింది. ఆమె కూపన్ మీద ఆ ఏడాది తన కోసం తీసుకున్న ఒక్క ముక్క.

"ముందుగాల నాది కొయ్యి. కరాబైతే నేనే తొడుక్కుంట."

కోశాను. కుడి పక్క, ఎడమ పక్క, చేతులు. ఐలయ్య దాన్ని తీసుకుని, నేను చూడటం లేదనుకుని, రెండు పక్కలూ ఒకదాని మీద ఒకటి పెట్టి చూసుకున్నాడు. మిషన్ ఎక్కించాడు.

పగటిపూట మాస్టర్ సాబ్ వచ్చారు. గడప మీద కూర్చోలేదు.

"రేపటిది వద్దని చెప్పేసి వస్త. కసూర్ నాది. నిన్ను నలుగుర్ల నిలవెడ్తె బాగుండది."

"వద్దనకుండ్రి సాబ్. నేనే చెప్త."

"ఏమని?"

"గాదని."

శుక్రవారం కమాల్ సాబ్ వరండాలో పదిహేను మంది దాకా ఉన్నారు. అందరూ కుర్చీల్లో, నేను బల్ల పక్కన నిలబడి. లోపలి గది గుమ్మానికి పరదా ఉంది, దాని వెనక జహీరా కూర్చుంది. నేను కట్టె మీద సుద్ద గుర్తులు పెట్టి, మూలను మూడు భాగాలు చేసి చూపించాను. సబూత్ చెప్పాను, నాకు తెలిసిన భాషలో. ఆ తర్వాత తువ్వాలుతో గుర్తులు తుడిచేశాను.

"గుర్తులుంటె గిట్ల అయితది. లేకుంటె గాదు. షరతు ప్రకారం గుర్తులు ఉండొద్దు. నాకు తెల్వక పెట్టుకున్న."

వెనక వరుసలో ఇద్దరు కుర్రవాళ్లు నవ్వుకున్నారు. ఒకడు "దర్జీ హిసాబ్" అన్నాడు. మాస్టర్ సాబ్ లేవబోయారు. అప్పటిదాకా కళ్లు మూసుకుని ఉన్న కమాల్ సాబ్ చేయెత్తి ఆయన్ని ఆపారు. డెబ్బై దాటిన మనిషి. నిద్రపోతున్నారనుకున్నాం.

"గుర్తులు లేకుంటె నీతోని గాలేదు. గంతేనా?"

"నాతోనే గాదు సాబ్. ఎవ్వరితోని గాదు."

"పక్కా?"

"పక్కా. సాబీత్ అయింది. నూరేండ్లయింది."

"జీ, పక్కా," అంది జహీరా పరదా వెనక నుంచి.

కమాల్ సాబ్ ఎవరితోనూ కానట్టు చెప్పారు.

"వకాలత్ మొదలు వెట్టకముందు దీని మీద ఆరేండ్లు కూసున్న. కాయిదాలు ఇంక సందుక పెట్టెల ఉన్నయి. ఇంట్లోళ్లకు సుత చెప్పలే. నాకు అకల్ తక్కువై దొరకలేదనుకున్న. గిన్నేండ్లు గట్లనే అనుకున్న."

నవ్వినవాళ్లు తలలు దించుకున్నారు. వకీలు సాబ్ తన పక్క కుర్చీలో ఉన్న పుస్తకాలు ఒక్కొక్కటే తీసి కింద పెట్టారు. కుర్చీని అరచేత్తో తట్టారు.

"కూసో రాజనర్సూ."

కూర్చున్నాను. చాయ్ వచ్చింది. ఆయన సాసర్‌లో పోసుకుని, తొందరేమీ లేకుండా, చల్లారేదాకా ఊదుకుంటూ తాగారు. నేనూ అలాగే తాగాను.